ఊరి కావలి, ఇంటి వంతు

హోసూరు ప్రక్క పల్లె నుంచి ఒక సోదరి మన పత్రికకు ఉత్తరం వ్రాశారు. వారి కుటుంబం ఆ ఊళ్ళో స్థిరపడి ఎన్ని తరాలయిందో వారికే లెక్క తెలియదట. ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం, సంతలో కన్నడం. మనుమడు మటుకు ఈ మూడూ పనికిరాని చోటికి పై చదువుకు వెళ్ళాడు. ఎస్తోనియా దేశం, తాల్లిన్ నగరం. ఆ తల్లి వ్రాసిన మాటలనే ఇక్కడ ఉంచుతున్నాను:

"అన్నయ్యగారూ, మావాడున్న దేశంలో జనమంతా కలిసి 13 లక్షల పైచిలుకేనట. ప్రక్కనే రష్యా. 2022లో యుక్రెయిన్‌లో చదువుకొనే మన పిల్లలు పోలండు మీదుగా, రుమేనియా మీదుగా పెట్టెలు మోసుకుంటూ వచ్చిన సంగతి టీవీలో చూసినప్పటి నుంచి నాకు నిద్ర సరిగా పట్టదు. అడిగితే, 'నాయనమ్మా, ఇక్కడ 27 దేశాలు ఒక్కటిగా ఉన్నాయి, ఒకరి మీదికి వస్తే అందరి మీదికి వచ్చినట్టే' అంటాడు. నిజంగా అందరూ వస్తారా? పేపరు చూస్తే ఒకరోజు వస్తారన్నట్టు, మరొకరోజు రారన్నట్టు ఉంటుంది. మీరు తేల్చి వ్రాయండి."

తేల్చి వ్రాయటం నా తరమా? ఐరోపాలోని మహామహులు డెబ్బై ఏళ్ళు పైబడి తేల్చుకోలేకపోతున్న ప్రశ్న ఇదే. అయినప్పటికీ మనుమడి కోసం నిద్ర కాచే తల్లికి జవాబు చెప్పకుండా ఉండటం మర్యాద కాదు. తెలిసినంత వరకు చెబుతాను. దానికి ముందు మా ఊరి సంగతి ఒకటి చిత్తగించండి.

మా తాతగారి ఊరు అప్పటి సేలం జిల్లాలో ఉండేది. నా చిన్నతనంలో ఒక ఏడు, రాగి కోతలయి కుప్పలు కళ్ళాలకు చేరాక దొంగల భయం ఎక్కువయింది. పెద్దలు రావిచెట్టు క్రింద కూర్చుని ఒక ఏర్పాటు చేశారు. రాత్రికి అయిదు ఇళ్ళ నుంచి ఇంటికొకరు చొప్పున వంతుల మీద కావలి కాయాలి. ఎవరి కళ్ళంలో అలికిడి అయినా అందరూ అక్కడికి పరుగెత్తాలి. వినటానికి ఎంత బాగుంది! వారం తిరగకుండానే మూడు తగవులు బయలుదేరాయి. లాంతర్ల కిరసనాయిలు ఖర్చు ఎవరిది? ఇది మొదటిది. దొంగలు వచ్చారని తేల్చి తప్పెట కొట్టమని చెప్పే అధికారం ఎవరిది? ఇది రెండవది. మూడవది అన్నిటికన్నా గట్టిది. పెద్దింటివారు, "మేము మనిషిని పంపము, కూలి డబ్బు పంపుతాము" అన్నారు. చీకట్లో దెబ్బ తగిలేది ఎవరి బిడ్డకు అన్నదే అసలు సంగతి అని అందరికీ అప్పుడు తెలిసివచ్చింది.

ఆ ఊళ్ళో భర్త పోయిన ఇల్లాలు ఒకామె ఉండేది. ఒక్కడే కొడుకు, 17 ఏళ్ళవాడు. ఆ ఇంటికి వంతు వద్దని పెద్దలే మినహాయింపు ఇచ్చారు. ఆమె ఒప్పుకోలేదు. ఎందుకు ఒప్పుకోలేదో చివర మనవి చేస్తాను. ప్రస్తుతానికి ఖర్చు ఎవరిది, మాట ఎవరిది, బిడ్డ ఎవరి బిడ్డ అన్న ఈ మూడు ప్రశ్నలనూ చేత పట్టుకొని ఐరోపాకు బయలుదేరుదాం.

రెండవ ప్రపంచ యుద్ధం ముగిసి అయిదేళ్ళు గడిచాయో లేదో, 1950 జూన్‌లో కొరియాలో యుద్ధం మొదలయింది. రేపు సోవియట్ సేన పశ్చిమ ఐరోపా మీదికి వస్తే అడ్డుకోవటానికి మనుషులు కావాలి కాబట్టి పశ్చిమ జర్మనీ చేతికి మళ్ళీ ఆయుధాలివ్వక తప్పదని అమెరికా పట్టుబట్టింది. ఆ మాటకు ఫ్రాన్సు గుండె గుభేలుమన్నది. 1870లో ఒకసారి, 1914లో ఒకసారి, 1940లో ఒకసారి, ఒక మనిషి ఆయుర్దాయంలో మూడుసార్లు జర్మను సేన ఆ గడ్డను త్రొక్కింది. అప్పటి ఫ్రెంచి ప్రధాని రెనె ప్లెవెన్ 1950 అక్టోబరులో ఒక ఉపాయం చెప్పాడు. జర్మనీకి విడిగా సేన వద్దు. ఇరుగుపొరుగు దేశాలన్నీ కలిసి ఒకే సేన పెట్టుకుందాం. అందరికీ ఒకే దుస్తులు, ఒకే ఖజానా, ఒకే పైఅధికారం. జర్మను సైనికుడు ఉంటాడు గాని జర్మను సేన ఉండదు.

ఉపాయం బాగానే ఉంది. 1952 మే 27న పారిస్‌లో ఫ్రాన్సు, పశ్చిమ జర్మనీ, ఇటలీ, బెల్జియం, హాలెండు, లక్సెంబర్గు సంతకాలు చేశాయి. నాలుగు దేశాల పార్లమెంట్లు ఆమోదించాయి. ఇటలీ మాత్రం ఫ్రాన్సు ఏమి చేస్తుందో చూద్దామని కూర్చున్నది. ఈలోగా 1953 మార్చిలో స్టాలిన్ చనిపోయాడు. జూలైలో కొరియా యుద్ధం ఆగింది. తరుముకొచ్చిన భయం కాస్త వెనక్కి తగ్గేసరికి, కలిసి ఉండాలన్న తొందర కూడా తగ్గింది. ఇళ్ళల్లో అయినా ఇంతే కదా! వాన కురుస్తున్నంతసేపూ అందరూ ఒకే చూరు క్రింద నిలబడతారు. వెలిసిందంటే ఎవరి దారి వారిది.

1954 వచ్చింది. మన యానాం పాఠకులకు ఆ సంవత్సరం మరొక విధంగా జ్ఞాపకం ఉంటుంది. ఆ జూన్‌లో విలీనవాదులు యానాం పరిపాలనను చేతిలోకి తీసుకున్నారు. నవంబరు 1న పుదుచ్చేరి, కారైకాల్, మాహేలతో పాటు యానాం కూడా భారత ప్రభుత్వ పాలన క్రిందికి వచ్చింది. ఆ ఒప్పందం చేసుకున్న ఫ్రెంచి ప్రధాని పియెర్ మెండెస్ ఫ్రాన్స్. ఇండోచైనా యుద్ధానికి ఆ జూలైలో సంధి కుదిర్చినదీ ఆయనే. ఆ రెంటికీ మధ్య, ఆగస్టు 30న, ఉమ్మడి సేన ఒడంబడిక ఆయన పార్లమెంటు ముందుకు వచ్చింది. 319 మంది వద్దన్నారు, 264 మంది కావాలన్నారు. ఒడంబడిక అక్కడికక్కడే చచ్చింది. ఓడించిన సభ్యులు కొందరు లేచి జాతీయగీతం పాడారు. సముద్రాల కవతలి గడ్డను వదులుకోగలిగిన ఫ్రాన్సు, తన సేన మీది పెత్తనాన్ని మటుకు వదులుకోలేకపోయింది.

ఆ తరువాత ఏమయింది? 1955లో పశ్చిమ జర్మనీ నాటో కూటమిలో చేరింది. నాటో అంటే అమెరికా ముందుండి నడిపే సైనిక కూటమి. 1949లో 12 దేశాలతో మొదలయింది. ఐరోపావారు రక్షణ భారాన్ని ఆ పెద్దన్న భుజం మీద పెట్టి తాము వర్తకం చూసుకున్నారు. బొగ్గు, ఉక్కు, గోధుమ, సుంకాలు, చివరికి నాణెం కూడా ఉమ్మడి అయినాయి. సేన మటుకు ఎవరిది వారిదే. అమెరికా ఉన్నంతకాలం అలా నడిచిపోయింది. పెద్దన్న ఉన్న ఇంట్లో తమ్ముళ్ళకు బరువు తెలియదు.

బరువు తెలిసివచ్చిన రోజు 1990 తరువాత వచ్చింది. ఐరోపా గడప ముందే యుగోస్లావియా ముక్కలై నెత్తురు పారింది. ఇది మా ఇంటి గొడవ, మేము తీరుస్తామని ఐరోపా నాయకులు మొదట ధీమాగా ముందుకు వచ్చారు. తీర్చలేకపోయారు. 1995 జూలైలో బోస్నియాలోని స్రెబ్రెనిత్సా పట్టణంలో 8 వేల మంది మగవారిని, మగపిల్లలను ఊచకోత కోశారు. అది ఐక్యరాజ్యసమితి రక్షిత ప్రాంతమని ప్రకటించిన చోటు. కాపలాగా ఉన్నది కొన్ని వందల మంది డచ్చి సైనికులు. వారి చేతిలో బలమూ లేదు, వెనుక నుంచి సహాయమూ రాలేదు. చివరకు నాటో విమానాలు బాంబులు వేసిన తరువాత, అమెరికాలోని డేటన్‌లో కూర్చుని బోస్నియా సంధి కుదుర్చుకోవలసి వచ్చింది. ఆ సిగ్గు ఐరోపాను చాలాకాలం వెంటాడింది.

అందుకనే 1998 డిసెంబరులో ఫ్రెంచి సముద్రతీరాన సాంమాలో పట్టణంలో బ్రిటిషు ప్రధాని టోనీ బ్లెయిర్, ఫ్రెంచి అధ్యక్షుడు జాక్ షిరాక్ కలుసుకొని, ఐరోపాకు సొంతంగా కదలగల సైనిక శక్తి ఉండాలని ప్రకటించారు. మరుసటి ఏడు హెల్సింకీ సభలో, 2003 నాటికి 60 రోజుల్లో 50 నుంచి 60 వేల సైనికులను కదపగలగాలని నిర్ణయించుకున్నారు. ఇప్పుడు ఉమ్మడి భద్రతా రక్షణ విధానం అని పేపర్లలో చదివేదానికి పునాది అక్కడ పడింది.

దాని వల్ల ఏమీ జరగలేదని అనటం అన్యాయం. 2003లో కాంగోలోని బునియా పట్టణంలో మారణకాండ ఆపటానికి ఐరోపా పక్షాన సైనికులు వెళ్ళారు. వారిలో ఎక్కువమంది ఫ్రెంచివారు. 2004 డిసెంబరు నుంచి బోస్నియా కాపలా నాటో చేతి నుంచి ఐరోపా చేతికి వచ్చింది. 2008 డిసెంబరులో సొమాలియా తీరాన ఓడదొంగలను అరికట్టి, ఆకలితో ఉన్నవారికి ధాన్యం తీసుకుపోయే ఓడలను కాపాడటానికి అటలాంటా అన్న పేరుతో యుద్ధనౌకలు బయలుదేరాయి. ఇది మనకూ సంబంధించిన సముద్రమే. మన నౌకాదళం అంతకు రెండు నెలల ముందే అక్కడ కావలికి దిగింది. 2023 డిసెంబరులో దొంగలు పట్టుకుపోయిన రూయెన్ అనే ఓడను ఐరోపా నౌకలు వెంబడిస్తూ కనిపెట్టి ఉండగా, 2024 మార్చిలో మన నౌకాదళం చుట్టుముట్టి 35 మంది దొంగలను లొంగదీసింది. ఓడలోని 17 మందినీ ప్రాణాలతో విడిపించింది. వారిలో ఏడుగురు ఐరోపా సమాఖ్యకు చెందిన బల్గేరియా దేశస్థులు. దూరాన జరిగే చిన్న పనులు ఇలా కలిసి చేయగలుగుతున్నారు. సోదరి అడిగింది మాత్రం సొంత గడప మీదికి పెద్ద శత్రువు వచ్చినప్పటి మాట.

దానికి కాగితం మీద జవాబు ఉంది. 2009 డిసెంబరు 1న అమలులోకి వచ్చిన లిస్బన్ ఒడంబడికలో 42వ అధికరణం ఏడవ ఖండం అదే చెబుతుంది. సమాఖ్యలోని ఒక దేశం గడ్డ మీద సాయుధ దాడి జరిగితే, మిగతా దేశాలు తమ శక్తి కొలదీ అన్ని విధాలా సహాయం చేయవలసి ఉంటుంది. మనుమడు చెప్పిన మాట అబద్ధం కాదన్నమాట. అయితే ఆ వాక్యానికి ఒక తోక ఉంది. కొన్ని దేశాల రక్షణ విధానపు ప్రత్యేకతకు ఇది భంగం కలిగించదట. ఆస్ట్రియా, ఐర్లండు, మాల్టా వంటి తటస్థ దేశాల కోసం పెట్టిన తోక అది. ఐర్లండు వద్ద ఒక్క జెట్టు యుద్ధవిమానం కూడా లేదు. డెన్మార్కు అయితే 1992 నుంచి ఈ రక్షణ వ్యవహారాల్లో మేము లేమని వ్రాయించుకొని, యుక్రెయిన్ యుద్ధం వచ్చాక 2022 జూన్ 1న ప్రజల ఓటు తీసుకొని లోపలికి వచ్చింది. పైగా ఏ సహాయం, ఎంత, ఎప్పుడు అన్నది ఎవరికి వారే నిర్ణయించుకోవాలి.

ఆ ఖండాన్ని ఇంతవరకు ఒకే ఒక్కసారి పిలిచారు. పిలిచింది చిన్న దేశం కాదు, ఫ్రాన్సు. 2015 నవంబరు 13 రాత్రి పారిస్‌లో ఉగ్రవాదులు 130 మందిని చంపారు. నాలుగు రోజులకు ఫ్రాన్సు ఈ ఖండం పేరు చెప్పి సహాయం అడిగింది. ఎవరూ కాదనలేదు. జర్మనీ నిఘా విమానాలను, ఒక యుద్ధనౌకను పంపింది. ఇతరులు కొందరు వేరే చోట్ల ఫ్రెంచి సేన మోస్తున్న బరువులో కొంత తాము ఎత్తుకున్నారు. ఎటొచ్చీ ఫ్రాన్సు ఒక్కొక్క దేశంతో విడివిడిగా మాట్లాడుకోవలసి వచ్చింది. తప్పెట ఒకటే, తలుపులు తట్టటం మటుకు ఇల్లిల్లూ తిరిగి.

ఇక మా ఊరి మూడు తగవులను ఒక్కొక్కటిగా చూడండి.

ఖర్చు సంగతి ముందు. 2007 నుంచి ఐరోపా సమాఖ్య దళాలను వంతుల మీద సిద్ధంగా ఉంచుతున్నది. దళానికి 1,500 మంది, చాలాకాలం ఆరేసి నెలల వంతు ఉండేది. పిలిస్తే రోజుల్లో బయలుదేరాలి. ఇన్నేళ్ళలో ఎన్ని సంక్షోభాలు వచ్చాయో లోకానికి తెలుసు. ఆ దళాలు ఒక్కసారి కూడా కదలలేదు. కారణాలలో ఒకటి వింటే నవ్వు వస్తుంది. వంతులో ఉన్న దేశమే దాదాపు ఖర్చంతా పెట్టుకోవాలి. తన వంతులో ఆపద వచ్చిన దేశానికి తద్దినమే. అందుచేత ప్రతి దేశమూ తన వంతు ప్రశాంతంగా గడిచిపోతే చాలునని దేవుడికి మ్రొక్కుకుంటుంది. ఉమ్మడి గొర్రె పుచ్చి చచ్చె అన్న మన పెద్దల సామెత ఐరోపాకు ఎలా చేరిందో గాని, సరిగ్గా అతికింది. ఇప్పుడు 2022 నాటి పథకం ప్రకారం 5 వేల మందితో పెద్ద దళాన్ని తయారుచేశారు. దాని యోగ్యత పిలుపు వచ్చిన రోజున గాని తెలియదు.

అసలు డబ్బు లేదా అంటే ఉంది. 2024లో ఈ 27 దేశాలు కలిసి రక్షణకు 343 బిలియన్ల యూరోలు, అంటే 34,300 కోట్ల యూరోలు ఖర్చు చేశాయి. కాని ఎవరి కుంపటి వారిదే. 2017లో ఐరోపా కమిషను చూపిన లెక్క ప్రకారం, అమెరికా ఒక్క రకం ప్రధాన యుద్ధ ట్యాంకు వాడుతుంటే ఐరోపా దేశాలు 17 రకాలు వాడుతున్నాయి. ఒకడి తుపాకికి మరొకడి గుండు పట్టదు. 27 పొయ్యిల మీద 27 గిన్నెలు పెట్టి, ఇంత కట్టె ఖర్చయినా అన్నం ఎందుకు చాలలేదని అడిగినట్టుంది.

మాట సంగతి రెండవది. ఇక్కడ సైనిక నిర్ణయం ఏదయినా అందరూ ఏకగ్రీవంగా ఒప్పుకోవాలి. 8 కోట్ల పైచిలుకు జనమున్న జర్మనీకి ఎంత మాటో, 6 లక్షలయినా లేని మాల్టాకూ అంతే మాట. ధాన్యపు కొట్టుకు 27 తాళాలు వేసి తాళం చెవులు 27 ఇళ్ళల్లో దాచినట్టు. 2022 ఫిబ్రవరి చివర యుక్రెయిన్ మీదికి రష్యా పెద్దఎత్తున దండెత్తినప్పుడు, కొద్ది రోజుల్లోనే 27 తాళాలూ తెరుచుకున్నాయి. సమాఖ్య చరిత్రలో మొదటిసారిగా ఉమ్మడి సొమ్ముతో ఆయుధాలు పంపించారు. ఆ సొమ్ము ఉన్న సంచి పేరు శాంతి నిధి! మామూలు బడ్జెటు నుంచి సైనిక కార్యాలకు ఖర్చు చేయరాదని ఒడంబడికలో ఉండటం వల్ల 2021లో విడిగా కుట్టుకున్న సంచి అది. తరువాత తరువాత, 2023, 2024 సంవత్సరాల్లో హంగరీ తన తాళం చెవి ఇవ్వనందువల్ల అదే సంచిలోని వందల కోట్ల యూరోలు కదలలేదు. 2023 మార్చిలో ఏడాది లోపల యుక్రెయిన్‌కు 10 లక్షల ఫిరంగి గుండ్లు ఇస్తామని మాట ఇచ్చారు. గడువు నాటికి ఇవ్వగలిగింది సగానికి కొంచెం ఎక్కువ. కర్మాగారాలు ముందుగా లేవు మరి. ఇల్లు కాలుతున్నప్పుడు బావి త్రవ్వితే నీళ్ళు ఎప్పటికి పడతాయి?

అయితే బావి త్రవ్వటం మొదలుపెట్టారన్నది కూడా చెప్పాలి. యుక్రెయిన్ సైనికులు 75 వేల మందికి పైగా ఐరోపా గడ్డ మీద శిక్షణ పొందారు. 2025 ఫిబ్రవరిలో అమెరికా రక్షణ మంత్రి బ్రస్సెల్సు వచ్చి, ఐరోపా రక్షణ భారం ఇక ముఖ్యంగా ఐరోపావారే మోయాలని చెప్పి వెళ్ళాడు. మరుసటి నెలలోనే 800 బిలియన్ల యూరోల పథకం ఒకటి బయటికి వచ్చింది. అందులో 150 బిలియన్లు అందరి పేర సమాఖ్య అప్పుతెచ్చి సభ్య దేశాలకు అప్పుగా ఇచ్చేది. మిగతాది ఎవరి సొంత బడ్జెట్లలో వారు ఎక్కువ ఖర్చు పెట్టుకోవటానికి ఇచ్చిన వెసులుబాటు. ఉమ్మడి ఇంట్లో పెద్దవాడు, "నీ చేతి డబ్బు నువ్వు ధారాళంగా ఖర్చు పెట్టుకో" అన్నట్టు! అయినా ఉమ్మడిగా అప్పు తెచ్చి ఆయుధాలు కొనటం 1954 వారు ఊహించి ఉండరు.

ఇక మూడవ ప్రశ్న, బిడ్డ ఎవరి బిడ్డ? ఈ చోట సమాఖ్య మౌనంగా ఉంటుంది. దానికి సొంత సైనికుడు ఒక్కడు కూడా లేడు. సోదరి మనుమడున్న ఎస్తోనియానే చూడండి. 1940లో సోవియట్ యూనియన్ ఆ దేశాన్ని మ్రింగివేసింది. 1991లో అది మళ్ళీ స్వతంత్రమయింది. 2004లో నాటోలోనూ ఐరోపా సమాఖ్యలోనూ చేరింది. ఇప్పుడు అక్కడ తాపా పట్టణం దగ్గర 2017 నుంచి నాటో దళం ఒకటి కాపలా ఉంది. దాని నాయకత్వం ఎవరిది? బ్రిటనుది. అంటే 2020 జనవరి 31న ఐరోపా సమాఖ్యను విడిచి వెళ్ళిపోయిన దేశానిది! వేరుపడ్డ అన్న కావలికి వస్తున్నాడు, ఉమ్మడిలో ఉన్న తమ్ముళ్ళు కొందరు రావటం లేదు. ఏతావాతా, ఎస్తోనియా గడప దగ్గర నిలబడి ఉన్నది నాటో. సమాఖ్య వెనుక నుంచి సంచి అందిస్తున్నది. 27 దేశాలలో 23 నాటోలో కూడా ఉన్నాయి. ఫిన్లండు 2023లో, స్వీడను 2024లో తమ తటస్థతను వదిలి చేరింది అందుకే.

మరి బ్రిటిషువారు, ఫ్రెంచివారు తమ బిడ్డలను అంత దూరం ఎందుకు పంపుతున్నారు? ఒక్క కాగితం కోసమే కాదు. ఎస్తోనియా అంత చిన్న దేశమయినా అఫ్గానిస్తాన్‌లో బ్రిటిషువారి ప్రక్కన నిలిచింది. తొమ్మిది మంది బిడ్డలను అక్కడ పోగొట్టుకున్నది. 2014లో మధ్య ఆఫ్రికా రిపబ్లిక్కుకు ఐరోపా దళం వెళ్ళినప్పుడు, తరువాత మాలీలో ఫ్రెంచి సేన పోరాడినప్పుడు, చెయ్యెత్తి వెళ్ళిన కొద్ది దేశాలలో అది ఒకటి. ఆ ఎడారితో దానికేమి పని? పని లేదు. కాని ఇతరుల కళ్ళం దగ్గర తన వంతు కాసింది. ఇప్పుడు ఫ్రెంచి సైనికులు తాపాకు వస్తున్నారు. ఇంట్లో కూడా మగపిల్లలకు సైనిక శిక్షణ తప్పనిసరి. జాతీయాదాయంలో నూటికి మూడుకు పైగా రక్షణకే ఖర్చు. ఎవరో వస్తారని చేతులు ముడుచుకు కూర్చోలేదు.

ఇంకొక ముచ్చట. 2025 మే నెలలో ఎస్తోనియాకు దక్షిణాన ఉన్న లిథువేనియా రాజధాని విల్నియస్‌లో జర్మను సైనిక దళం ఒకటి కవాతు చేసింది. 2027 నాటికి సుమారు 5 వేల మందితో అక్కడే నివాసముండటానికి వచ్చిన దళం. రెండవ ప్రపంచ యుద్ధం తరువాత జర్మనీ తన సేనను పరాయి గడ్డ మీద శాశ్వతంగా నిలపటం ఇదే మొదలు. ఒకప్పుడు అదే నగరాన్ని నాజీ సేన ఆక్రమించి నెత్తుటితో ముంచింది. జర్మను సైనికుడన్న మాటకే జడిసి 1954లో ఫ్రాన్సు ఉమ్మడి సేనను త్రోసిపుచ్చింది. 70 ఏళ్ళ తరువాత ఒక చిన్న దేశం అదే జర్మను సైనికుణ్ణి రమ్మని పిలిచి బస కట్టిస్తున్నది. ఒడంబడికలు చేయలేకపోయిన పనిని, మూడు తరాల నడవడి చేసింది. ఇరుగుపొరుగు మధ్య నమ్మకం సంతకంతో పుట్టదు. అది పుట్టటానికి కాలమూ పట్టింది, కష్టమూ పట్టింది.

ఇప్పుడు మా ఊరి ఇల్లాలి మాట. ఆ రాత్రి రావిచెట్టు దగ్గరకు కొడుకును వెంటబెట్టుకొని వచ్చి ఆమె అన్నది నాకు ఇప్పటికీ చెవుల్లో ఉంది. "మావాడు మీ కళ్ళాల దగ్గర నిలబడకపోతే, మా కళ్ళంలో అలికిడయిన రాత్రి మిమ్మల్ని కేకవెయ్యటానికి నాకు నోరెట్లా వస్తుంది?" పెద్దింటివారు మారుమాట లేకుండా విన్నారు. మరునాటి రాత్రి వారి చిన్నకొడుకు కర్ర పుచ్చుకొని వంతుకు వచ్చాడు. ఆ ఏడు దొంగలు రాలేదు. వచ్చి ఉంటే ఎవరు ముందు పరుగెత్తేవారో చెప్పలేను. కాని ఆ ఇల్లాలి కళ్ళం దగ్గరకు ఊరు ఊరంతా పరుగెత్తి ఉండేదని నా నమ్మకం.

అమ్మా, మీ ప్రశ్నకు నా జవాబు ఇది. 27 దేశాలూ వస్తాయని నేను పూచీపడలేను. కొన్ని మనుషులను పంపుతాయి, కొన్ని డబ్బు పంపుతాయి, ఒకటి రెండు తాళం చెవి వెతుక్కుంటూ కూర్చుంటాయి. అయితే మీ మనుమడున్న దేశం కేక వేయటానికి నోరున్న దేశం. తన వంతు తాను కాసింది కాబట్టి, పిలిస్తే పలికే ఇళ్ళు కొన్ని నిశ్చయంగా ఉన్నాయి. ఆ పలుకు గట్టిదని శత్రువు కూడా నమ్మితే దొంగతనమే జరగదు. కావలి ప్రయోజనం అదే కదా.

మీ చేతిలో ఉన్న పని ఒకటి ఉంది. మన భారత రాయబార కార్యాలయం ఇప్పుడు తాల్లిన్‌లోనే ఉంది. మనుమడి పేరు, చిరునామా, ఫోను నంబరు అక్కడ నమోదు చేయించమనండి. 2022లో యుక్రెయిన్ నుంచి పిల్లలను తరలించినప్పుడు ఎవరు ఎక్కడున్నారో తెలియటమే మొదటి అవసరమయింది. అబ్బాయి బద్ధకించితే మీరే ఫోను చేసి కోప్పడండి. ఆ తరువాత నిశ్చింతగా నిద్రపోండి.